డచ్ పౌరురాలైన ఇల్సే వెర్నర్ నాజీ జర్మనీలో తారగా ఎలా ఎదిగింది?

మీ ప్రశ్న నాకు అర్థమైన మేరకు ఇది. ఇల్సే వెర్నర్ నెదర్లాండ్స్ పౌరురాలని మీరు ఎక్కడో చదివారు. ఆ దేశాన్ని జర్మనీ 1940 మే నెలలో ఆక్రమించింది. అదే ఏడాది చివర విడుదలైన జర్మన్ యుద్ధచిత్రంలో ఆమె కథానాయిక. ఇది ఎలా సాధ్యమైంది, ఆమెను బలవంతపెట్టారా, లేక ఆమె నాజీయేనా, ఆ చిత్రాలను ఇప్పుడు ఏ దృష్టితో చూడాలి అన్నవి మీ సందేహాలు.

సూటిగా చెప్పాలంటే, ఆమెను ఎవరూ ఆక్రమిత దేశం నుంచి పట్టుకురాలేదు. యుద్ధం మొదలయ్యేనాటికే ఆమె జర్మన్ సినిమాలో ఎదుగుతున్న నటి. డచ్ పౌరసత్వం తండ్రి వైపు నుంచి సంక్రమించింది గానీ, ఆమె పెరిగిన ఊళ్ళు, నటన నేర్చుకున్న పాఠశాల, సంతకం చేసిన ఒప్పందాలు అన్నీ జర్మన్ భాషా ప్రపంచానివే. ఆమె వేదికలెక్కి నాజీ సిద్ధాంతం బోధించలేదు. అయితే ఆ ప్రభుత్వానికి యుద్ధకాలంలో అన్నిటికన్నా అవసరమైన సరుకు, అంటే చూసేవాళ్ళకు కాసేపు ధైర్యాన్నీ ఉల్లాసాన్నీ ఇచ్చే యువతి ముఖం, ఆమె దగ్గర పుష్కలంగా దొరికింది. ఆమె కూడా ఆ పనిని ఇష్టంగానే, అత్యంత నైపుణ్యంతో చేసింది. ప్రపంచ సినిమా చరిత్ర బోధిస్తూ, ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనలకు పరిచయాలు చెబుతూ చాలా ఏళ్ళుగా ఈ చిత్రాల మధ్య తిరిగిన అనుభవంతో ఈ మాట అంటున్నాను. కారణాలు వివరంగా రాస్తాను.

ముందు ఆమె పుట్టుక సంగతి. ఇల్సే షార్లొటె స్టిల్ 1921 జూలై 11న బటావియాలో, అంటే నేటి జకార్తాలో పుట్టింది. అప్పుడు అది డచ్ ఈస్టిండీస్ రాజధాని. తండ్రి డచ్ జాతీయుడు, తల్లి జర్మన్. కుటుంబం 1931లో ఫ్రాంక్‌ఫర్ట్‌కు, ఆ తర్వాత 1934లో వియన్నాకు మారింది. అక్కడ నాటక దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ పేరు మీద నడిచే నటన శిక్షణాలయంలో ఆమె చదువుకుంది, 1937లో యోసెఫ్‌స్టాట్ నాటకశాలలో తొలిసారి రంగస్థలమెక్కింది. తెర మీద తల్లి ఇంటిపేరైన వెర్నర్‌నే తన పేరు చేసుకుంది. అంటే నెదర్లాండ్స్ గడ్డ మీద ఆమెకు బాల్యమూ లేదు, వృత్తీ లేదు. అయినా డచ్ పాస్‌పోర్టు మాత్రం 1955 వరకు ఆమె దగ్గరే ఉంది. యుద్ధకాలంలో ఆమె నటించిన ప్రతి జర్మన్ చిత్రంలోనూ చట్టరీత్యా ఆమె విదేశీయురాలే.

పౌరసత్వం కన్నా ఒప్పందం ముఖ్యం. ఇది చాలామంది పట్టించుకోని విషయం. ఒకసారి ఒక విద్యార్థి నెదర్లాండ్స్ నటీమణుల మీద ప్రాజెక్టు చేస్తూ ఇంటర్నెట్ జాబితాల నుంచి పేర్లు తీసుకొచ్చాడు. అందులో ఇల్సే వెర్నర్ పక్కనే లిలీ బౌమేస్టర్ ఉంది. జాబితా లెక్కన ఇద్దరూ డచ్ తారలే. నేను అతనితో ఒక పట్టిక గీయించాను. ప్రతి చిత్రానికి నిర్మాణ సంస్థ ఏది, సంభాషణల భాష ఏది, విడుదల తేదీ ఏది, సెన్సారు దగ్గర ఏమైంది అనే నాలుగు గళ్ళు నింపమన్నాను. పట్టిక పూర్తయ్యేసరికి ఇద్దరి కథలూ ఒకదానికొకటి పూర్తిగా ఎదురుగా నిలిచాయి.

బౌమేస్టర్ పేరుమోసిన డచ్ నటుల కుటుంబానికి చెందిన రంగస్థల నటి. 1937లో బెర్నార్డ్ షా నాటకం ఆధారంగా తీసిన డచ్ చిత్రం 'పిగ్మాలియన్'లో పూలమ్మే ఎలైజా పాత్ర ఆమెకు గొప్ప పేరు తెచ్చింది. దాని దర్శకుడు లుడ్‌విగ్ బెర్గర్ యూదుడు, హిట్లర్ వచ్చాక జర్మనీలో పని చేయలేకపోయిన దర్శకుడు. అదే జంట 1940 వసంతంలో 'ఎర్గెన్స్ ఇన్ నేడర్లాంట్' అనే చిత్రాన్ని విడుదల చేసింది. యుద్ధభయంతో సైన్యాన్ని సమీకరిస్తున్న నెదర్లాండ్స్ దాని నేపథ్యం. ఆ చిత్రం ఆడుతుండగానే మే 10న జర్మన్ సేనలు సరిహద్దు దాటాయి, మే 14న రోటర్‌డామ్ నగరం మీద బాంబులు పడ్డాయి, ఆ మర్నాడు దేశం లొంగిపోయింది. ఆక్రమణదారులు చిత్రాన్ని నిషేధించారు. 1934లో మాటల చిత్రాలతో ఊపందుకున్న డచ్ సినిమా ఆరేళ్ళకే అలా ఆగిపోయింది. ఆమ్‌స్టర్‌డామ్ దగ్గరి సినెటోన్, వాసెనార్‌లోని ఫిల్మ్‌స్టాట్ స్టూడియోలు జర్మన్ సినిమా సంస్థ ఉఫా చేతికి పోయాయి. 1941 నవంబరులో కుల్టూర్‌కామర్ అనే సాంస్కృతిక సంఘాన్ని పెట్టి, అందులో సభ్యత్వం లేని కళాకారుడు బహిరంగంగా పని చేయరాదన్నారు. యూదులకు అందులో చోటే లేదు.

పట్టికలో రెండో వైపు చూడండి. బౌమేస్టర్ చిత్రం నిషేధానికి గురైన ఆ 1940లోనే, డిసెంబరు 30న, వెర్నర్ నటించిన 'వున్ష్‌కోన్‌త్సెర్ట్' (కోరిన పాటల కచేరీ) బెర్లిన్‌లో విడుదలైంది. అందులో ఆమె ప్రేమించేది ఒక జర్మన్ వైమానికదళ అధికారిని. రోటర్‌డామ్‌ను కాల్చింది అదే వైమానికదళం, అప్పటికి ఎనిమిది నెలలు కూడా నిండలేదు. ఆమె చేతిలో ఉన్న పాస్‌పోర్టు రోటర్‌డామ్ ఉన్న దేశానిది. ఈ రెండు తేదీలను పక్కపక్కన చెప్పినప్పుడు తరగతి గదిలో ఎప్పుడూ కాసేపు ఎవరూ మాట్లాడరు. అయితే అక్కడే ఆగి తీర్పు చెప్పేయడం నాకు సరిపడదు. అప్పటికి ఆమె వయసు 19 ఏళ్ళు, నెదర్లాండ్స్ తన దేశమని ఆమె మనసులో ఎంతవరకు ఉందో పాస్‌పోర్టును బట్టి చెప్పలేం.

ఆ చిత్రాన్ని కొంచెం దగ్గరగా చూద్దాం, ఎందుకంటే మీ ప్రశ్నకు అసలు జవాబు దాని కథలోనే ఉంది. 1936 ఒలింపిక్స్ ప్రారంభోత్సవం. ఇంగె అనే యువతి అత్తతో కలిసి స్టేడియానికి వస్తుంది. అత్త టిక్కెట్లు ఇంట్లో మరిచిపోతుంది. లెఫ్టినెంట్ కోహ్ తన దగ్గరున్న అదనపు టిక్కెట్టు ఇస్తాడు, కొద్ది రోజుల్లోనే ఇద్దరూ పెళ్ళి నిర్ణయానికి వస్తారు. ఇంతలో అతన్ని రహస్యంగా స్పెయిన్ అంతర్యుద్ధానికి పంపిస్తారు. ఎక్కడికో చెప్పరాదు, ఉత్తరం రాయరాదు. ఇంగె ఎదురుచూస్తుంది. ఏళ్ళు గడుస్తాయి. 1939లో యుద్ధం మొదలయ్యాక, సైనికులు కోరిన పాటలు వినిపించే ఆదివారపు రేడియో కార్యక్రమానికి కోహ్ ఒలింపిక్ సంగీతాన్ని కోరుతూ రాస్తాడు. రేడియోలో అతని పేరు వినబడేసరికి ఇంగెకు ప్రాణం లేచివస్తుంది.

ఆ రేడియో కార్యక్రమం కల్పన కాదు. 1939 అక్టోబరు నుంచి 1941 మే వరకు బెర్లిన్ ఆకాశవాణి భవనం నుంచి హైన్స్ గోడెకె దాన్ని నిజంగానే నడిపాడు. చిత్రంలో కూడా అతను తన పాత్రలోనే కనిపిస్తాడు. ఇక్కడ వెర్నర్ నటన గమనించదగ్గది. ఏడుపులు లేవు, పెద్ద పెద్ద సంభాషణలు లేవు. ఆమె ముఖం మీద కనిపించేది ఓపిక, దాని వెనక చెక్కుచెదరని నమ్మకం. కబురు లేకుండా పోయినవాడి గురించి ఎందుకు వెళ్ళాడని గానీ, ఎవరు పంపారని గానీ ఆ పిల్ల ఎన్నడూ నిలదీయదు. భర్తల్నీ, అన్నదమ్ముల్నీ, కొడుకుల్నీ సరిహద్దులకు పంపిన లక్షలాది ఇళ్ళలో ఆడవాళ్ళు అలాగే ఉండాలన్నది ప్రభుత్వం కోరిక. ఆ కోరికను ఉపన్యాసంగా చెబితే ఎవరు వింటారు? ఇల్సే వెర్నర్ కళ్ళలో చూపిస్తే యుద్ధం ముగిసేలోగా సుమారు 2 కోట్ల 60 లక్షల మంది టిక్కెట్టు కొనుక్కుని మరీ చూశారు. యుద్ధకాలపు జర్మన్ చిత్రాల్లో సారా లేయాండర్ నటించిన 'డి గ్రోసె లీబె' ఒక్కటే దీన్ని మించింది.

తేలికపాటి వినోదమే ఆనాటి ప్రచారం. మన పత్రికల్లో గోబెల్స్ ప్రచారం అనగానే ఒకే అబద్ధాన్ని పదే పదే చెప్పడం గుర్తొస్తుంది. ప్రచారమంత్రిగా సినిమా విషయంలో అతను నడిపిన పద్ధతి దానికి భిన్నం. నాజీ పాలనలో తయారైన సుమారు 1,100 కథాచిత్రాల్లో నేరుగా రాజకీయం మాట్లాడినవి ఆరో వంతుకు మించవని చరిత్రకారులు సాధారణంగా ఒప్పుకునే లెక్క. మిగిలినవి ప్రేమకథలు, హాస్యాలు, సంగీత చిత్రాలు, చారిత్రక గాథలు. యుద్ధం ముదిరేకొద్దీ సినిమాహాళ్ళు మరింత కిటకిటలాడాయి, 1943లో జర్మనీలో అమ్ముడైన టిక్కెట్లు 100 కోట్లు దాటాయి. పైన బాంబులు పడుతుంటే లోపల నవ్వించగలిగిన నటీనటులే ఆ వ్యవస్థకు ఆస్తి.

విదేశీయులకు అంత గిరాకీ ఎందుకు వచ్చిందన్నది మీ ప్రశ్నలో లేకపోయినా చెప్పాలి. 1933 తర్వాత యూదు కళాకారులను సినిమా రంగం నుంచి వెళ్ళగొట్టారు, ఇంకొందరు తమంత తామే వెళ్ళిపోయారు. మార్లీన్ డీట్రిష్ ఎంత పిలిచినా తిరిగి రాలేదు, ఎలిజబెత్ బెర్గ్నర్ లండన్ చేరింది. ఆ ఖాళీల్లోకి స్వీడన్ నుంచి సారా లేయాండర్, క్రిస్టీనా సోడర్‌బౌమ్, హంగరీ కుటుంబం నుంచి మారికా ర్యోక్, నెదర్లాండ్స్ నుంచి యోహానెస్ హేస్టర్స్ వచ్చారు. జాతిస్వచ్ఛత గురించి రోజూ గొంతు చించుకునే ప్రభుత్వపు తెర మీద మెరిసిన తారల్లో ఇంతమంది పరాయి దేశస్థులు ఉండడం చరిత్రలోని పెద్ద పరిహాసం. వాళ్ళు ఆర్యులన్న కాగితం ఉంటే చాలు, పౌరసత్వం అడ్డం రాలేదు.

ఇక ఆమె వృత్తిజీవితాన్ని క్రమంగా చెబుతాను. 1938లో 'డి ఉన్‌రూయిగెన్ మేడ్షెన్' తొలి చిత్రం. అదే ఏడాది 'ఫ్రావు జిక్స్టా'. అదే ఏడాది నటించిన 'డాస్ లేబెన్ కాన్ జో ష్యోన్ జైన్' అనే చిత్రం ఒక కొత్త జంట ఇల్లు దొరక్క, డబ్బు చాలక పడే ఇబ్బందులను చూపించినందుకు నిషేధానికి గురై యుద్ధం ముగిశాక గానీ మామూలు విడుదలకు నోచుకోలేదు. 1939లో విల్లీ ఫోర్స్ట్ తీసిన 'బెల్ ఆమి'లో ఒక ముఖ్యపాత్ర. ఇవన్నీ మెట్లు. 'వున్ష్‌కోన్‌త్సెర్ట్'తో ఆమె శిఖరానికి చేరింది. వెంటనే 1941లో 'ఊ-బోటె వెస్ట్‌వెర్ట్స్' అనే జలాంతర్గామి చిత్రం వచ్చింది. ఆ దళానికి అధిపతి అయిన అడ్మిరల్ డ్యోనిట్స్ అందులో స్వయంగా కనిపిస్తాడు. ఇది సూటి యుద్ధప్రచార చిత్రం, దీని విషయంలో నాకు ఎలాంటి మొహమాటమూ లేదు. ఆమె నటజీవితాన్ని వెనకేసుకొచ్చేవాళ్ళు ఈ చిత్రం పేరు ఎత్తకుండా దాటిపోతుంటారు.

అదే సంవత్సరంలో 'డి ష్వేడిషె నాఖ్టిగాల్'లో ఆమె స్వీడిష్ గాయని జెన్నీ లిండ్‌గా నటించింది. పాటలకు గొంతు ఎర్నా బెర్గర్ ఇచ్చింది. ఎదురుగా కథారచయిత హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ పాత్రలో యోహాఖిమ్ గొట్‌షాల్క్ నటించాడు. ఆ రోజుల్లో స్త్రీ ప్రేక్షకులు ఎంతో ఇష్టపడిన నటుడు అతను. అతని భార్య మెటా వోల్ఫ్ యూదురాలు. ఆమెకు విడాకులిస్తే వృత్తి కొనసాగించుకోవచ్చని పైనుంచి ఒత్తిడి వచ్చింది, అతను ఒప్పుకోలేదు. అవకాశాలు మూసుకుపోయాయి, భార్యనూ బిడ్డనూ తరలించుకుపోయే పరిస్థితి ముంచుకొచ్చింది. చిత్రం విడుదలైన ఏడాదే, 1941 నవంబరులో, భార్యాభర్తలు తమ చిన్న కొడుకుతో సహా ప్రాణాలు తీసుకున్నారు. ఆమె బలవంతం మీద నటించిందా అని మీరు అడిగారు కాబట్టి ఇంత వివరంగా రాశాను. ఆ పరిశ్రమలో బలవంతం ఎలా ఉండేదో గొట్‌షాల్క్ విషయంలో కనిపిస్తుంది. వెర్నర్‌కు అలాంటి ఒత్తిడి ఎదురుకాలేదు. ఆమెకు వచ్చినవి అవకాశాలు.

మరో పోలిక కూడా ఉంది. డోరా గెర్సన్ బెర్లిన్‌లో పుట్టిన యూదు నటి, గాయని. 1920లో మూకీ చిత్రాల్లో నటించింది. తర్వాతి రోజుల్లో నాజీ సినిమాకు పేరుమోసిన దర్శకుడైన ఫైట్ హార్లాన్ ఆమె మొదటి భర్త. ఆమె 1936లో ప్రాణరక్షణ కోసం నెదర్లాండ్స్ వెళ్ళింది. ఆక్రమణ తర్వాత స్విట్జర్లాండ్‌కు తప్పించుకోబోతూ దొరికిపోయింది. భర్తతో, ఇద్దరు పిల్లలతో సహా ఆమెను ఆష్విట్స్ మరణశిబిరంలో 1943 ఫిబ్రవరిలో చంపేశారు. ఆ మరుసటి నెలలోనే ఉఫా సంస్థ రజతోత్సవ కానుకగా, భారీ ఖర్చుతో రంగుల్లో తీసిన 'మ్యూన్ష్‌హౌజెన్' బెర్లిన్‌లో విడుదలైంది. సుల్తాను అంతఃపురంలో బందీ అయిన రాకుమారి ఇసబెల్లా డెస్టెగా మెరిసిన వెర్నర్ డచ్ పౌరురాలు. డచ్ నేల మీద ఆశ్రయం వెతుక్కున్న జర్మన్ నటి హత్యకు గురైంది, డచ్ పౌరురాలు జర్మన్ తెర మీద రాకుమారి అయింది. ఆనాడు ఎవరి బతుకు ఎటు పోతుందో నిర్ణయించినది పాస్‌పోర్టు కాదని చెప్పడానికి నాకు ఇంతకన్నా స్పష్టమైన ఉదాహరణ కనిపించలేదు.

'మ్యూన్ష్‌హౌజెన్' గురించి మరొక్క మాట. దానికి స్క్రీన్‌ప్లే రాసిన ఎరిక్ కెస్ట్నర్ పుస్తకాలను 1933లో నాజీలు తగలబెట్టారు. రాయడం నిషేధించిన రచయిత చేతనే మారుపేరుతో రాయించుకుని, తెర మీద ఆ పేరు కూడా వేయలేదు. ఆ పరిశ్రమలో లోపలివాళ్ళు, బయటివాళ్ళు అనే గీత అంత తిన్నగా ఉండేది కాదు.

ఇప్పుడు ఆమె ఈల సంగతి. మనకు ఈలపాట రఘురామయ్య ఎలాగో జర్మన్లకు ఇల్సే వెర్నర్ అలాగ. పాట మధ్యలో మాటలు ఆపి, రాగాన్ని ఈలతో అందుకుని, మళ్ళీ చిరునవ్వుతో మాటల్లోకి దిగడం ఆమె ముద్ర. దీన్ని పూర్తిగా వాడుకున్న దర్శకుడు హెల్ముట్ కోయిట్నర్. 1942లో అతను తీసిన 'వియర్ మాఖెన్ మ్యూజీక్'లో ఆమె భర్త శాస్త్రీయ సంగీతాన్ని తప్ప మరోదాన్ని లెక్కచేయని సంగీతకారుడు. అతను ఎంతో గంభీరంగా రాసిన ఆపెరా బోల్తా కొడుతుంది. భార్య ఆడవాళ్ళ వాద్యబృందంతో తేలికపాటి నృత్యగీతాలు పాడుతూ సంసారం నెట్టుకొస్తుంది. ఆ పాటల్లో వినబడే లయ స్వింగ్ అనే జాజ్ నృత్యసంగీతానికి దగ్గరి చుట్టం. జాజ్‌ను జర్మన్ రేడియోలో 1935లోనే నిషేధించారని గుర్తుంచుకుని వింటే, తెర మీద ఆ సంగీతం ఎలా అనుమతి పొందిందా అని ఆశ్చర్యం వేస్తుంది. జవాబు పైన చెప్పినదే. యువ సైనికులు శత్రుదేశాల రేడియో పెట్టుకుని ఆ సంగీతం వినకుండా ఉండాలంటే, దానికి దగ్గరగా ఉండేదాన్ని ఇంట్లోనే వడ్డించక తప్పదు.

ఒక ఫిల్మ్ సొసైటీలో ఈ చిత్రం వేసినప్పుడు చూసినవాళ్ళందరికీ తెగ నచ్చింది. చర్చలో ఒక పెద్దాయన, "ఇందులో హిట్లర్ లేడు, జెండా లేదు, యుద్ధం ప్రస్తావనే లేదు, ఇది స్వచ్ఛమైన వినోదం కదండీ" అన్నారు. నేను ఆయనకు చెప్పింది ఒక్కటే. 1942 అక్టోబరులో విడుదలైన చిత్రంలో, స్టాలిన్‌గ్రాడ్‌లో వేల మంది చనిపోతున్న సమయంలో, యుద్ధం ప్రస్తావనే లేకపోవడాన్ని కూడా ఎవరో కూర్చుని నిర్ణయించే ఉంటారు. అయినా ఆయన అభిరుచిని నేను తప్పుపట్టను. అది నిజంగా చక్కని చిత్రం, కోయిట్నర్ పనితనం ప్రతి సన్నివేశంలోనూ తెలుస్తుంది.

ఆమె మొదటి తరం టెలివిజన్‌లో కూడా పని చేసిందన్నది తక్కువ మందికి తెలిసిన విషయం. 1935లో ప్రారంభమైన బెర్లిన్ టెలివిజన్ కేంద్రం యుద్ధకాలంలో గాయపడిన సైనికులున్న ఆస్పత్రులకు వినోద కార్యక్రమాలు ప్రసారం చేసేది. అలాంటి ఒక వినోద కార్యక్రమానికి 1941 నుంచి ఆమె వ్యాఖ్యాత.

నిషేధం పడినంత మాత్రాన అది ప్రతిఘటన కాదు. 'గ్రోసె ఫ్రైహైట్ నంబర్ 7' గురించి మీరు చదివి ఉంటే ఈ హెచ్చరిక అవసరం. హాంబర్గ్ రేవులోని వినోదవీధి నేపథ్యంగా కోయిట్నర్ రంగుల్లో తీసిన ఈ చిత్రంలో హాన్స్ ఆల్బర్స్ ముదురు వయసు నావికుడు, వెర్నర్ అతను మనసుపడే గీజా అనే యువతి. ఆ అమ్మాయి చివరికి తన ఈడువాణ్ణే కోరుకుంటుంది. బాంబుదాడుల వల్ల బెర్లిన్‌లో పని సాగక, చిత్రంలో ఎక్కువ భాగం ఆక్రమిత ప్రాగ్ నగరపు బర్రాండోవ్ స్టూడియోలో తీశారు. రేవు దృశ్యాల్లో నాజీ జెండాలు కనబడకుండా కోయిట్నర్ కృత్రిమ పొగమంచు పెట్టించాడని సినిమా వర్గాల్లో చెప్పుకుంటారు. జర్మన్ నావికుల్ని తాగుబోతులుగా చూపారని డ్యోనిట్స్ మండిపడ్డాడు, గోబెల్స్ దీన్ని జర్మనీలో ఆడనివ్వలేదు. 1944 డిసెంబరులో ప్రాగ్‌లో విడుదలైన ఈ చిత్రాన్ని బెర్లిన్ ప్రేక్షకులు 1945 సెప్టెంబరులో, ప్రభుత్వం కూలిపోయాక చూశారు. ఇంతవరకు బాగానే ఉంది. అయితే దీన్ని నిర్మించింది ప్రభుత్వ అధీనంలోని టెర్రా సంస్థ అనీ, తెర మీదివాళ్ళెవరూ ఏ ప్రమాదాన్నీ నెత్తికెత్తుకోలేదనీ మరవకూడదు. ఆమె నటన మాత్రం ఇందులో అన్నిటికన్నా పరిణతితో ఉంటుంది. ఎదురుచూపుల పిల్ల ఇక్కడ లేదు, తనకేం కావాలో తెలిసిన స్త్రీ ఉంది.

యుద్ధం ముగిసేసరికి ఆమెకు 23 ఏళ్ళు. మిత్రరాజ్యాలు కొంతకాలం ఆమెను ప్రదర్శనలివ్వనివ్వలేదు. ఆ తర్వాత హాలీవుడ్ చిత్రాల జర్మన్ డబ్బింగ్‌లో ఒలీవియా డి హావిలాండ్, మారీన్ ఒహారా, పాలెట్ గొడార్డ్ వంటి తారలకు గొంతునిచ్చింది. 1948లో ఒక అమెరికన్ పాత్రికేయుణ్ణి పెళ్ళి చేసుకుని కాలిఫోర్నియా వెళ్ళింది, 1953లో తిరిగొచ్చింది. సినిమాల్లో పాత స్థాయి మళ్ళీ రాలేదు గానీ పాటలు, రంగస్థలం, టెలివిజన్ ఆమెను నిలబెట్టాయి. 1960లో ఆమె పాడిన 'బబూష్కా' బాగా ఆడింది. 2005 ఆగస్టులో ల్యూబెక్‌లో మరణించింది.

నెదర్లాండ్స్‌లో ఆమె మీద కోపం ఎందుకు అంతగా కనబడదని మీకు అనుమానం రావచ్చు. హేస్టర్స్‌తో పోల్చితే తెలుస్తుంది. అమెర్స్‌ఫోర్ట్‌లో పుట్టి డచ్ రంగస్థలం మీద ఎదిగిన హేస్టర్స్ 1936 నుంచి బెర్లిన్‌లో తార, 1941లో నాటక బృందంతో డాఖావు నిర్బంధ శిబిరాన్ని సందర్శించాడు. 1964లో ఆమ్‌స్టర్‌డామ్‌లో సంగీతనాటకంలో నటించబోతే ప్రేక్షకులు గోల చేశారు, వందేళ్ళు దాటాక 2008లో సొంత ఊళ్ళో పాడబోతే మళ్ళీ నిరసనలు ఎదురయ్యాయి. అతను తమవాడు కాబట్టి ఆ కోపం. వెర్నర్‌ను డచ్ ప్రేక్షకులు ఎన్నడూ తమ పిల్లగా చూడలేదు. ఆమె వాళ్ళ భాషలో ఒక తారగా ఎదగలేదు, వాళ్ళ రంగస్థలం మీద నిలబడలేదు. నా అభిప్రాయంలో ఆమెను డచ్ సినీ నటి అనడం చట్టరీత్యా ఒప్పు, సినిమా చరిత్రరీత్యా సగమే ఒప్పు. మీరు వ్యాసం రాస్తున్నట్టయితే 'డచ్ పౌరసత్వం ఉన్న జర్మన్ సినిమా తార' అని రాయండి.

మన పాఠకులకు యుద్ధకాలపు డచ్ నటి అనగానే ఆడ్రీ హెప్‌బర్న్ గుర్తొస్తుంది కాబట్టి ఆమె గురించి ఒక వాక్యం. హెప్‌బర్న్ తల్లి డచ్ కులీన స్త్రీ. హెప్‌బర్న్ ఆక్రమణ కాలాన్ని ఆర్నెమ్ పరిసరాల్లో గడిపింది, చివరి శీతాకాలంలో ఆకలితో అలమటించింది. కానీ ఆమె సినిమా జీవితం 1948లో, కె.ఎల్.ఎం. విమాన పరిచారికగా ఒక చిన్న డచ్ చిత్రంలో కనిపించడంతో మొదలైంది. కాబట్టి మీ అంశం కిందికి ఆమె రాదు.

చూడాలనుకుంటే ఈ వరసలో చూడమని సలహా ఇస్తాను. మొదట 'వియర్ మాఖెన్ మ్యూజీక్' చూడండి, ఆమెను అంతమంది ఎందుకు ప్రేమించారో తెలియకుండా మిగతావి అర్థం కావు. రెండోది 'వున్ష్‌కోన్‌త్సెర్ట్'. యుద్ధం తర్వాత కత్తిరించిన ప్రతులు కూడా తిరుగుతున్నాయి, నిడివి సరిచూసుకుని పూర్తి ప్రతి సంపాదించండి. ఒలింపిక్ స్టేడియం దృశ్యంలో మధ్యమధ్య చొప్పించిన అసలు ఒలింపిక్స్ దృశ్యాల్లో హిట్లర్ కనిపిస్తాడు. కల్పిత ప్రేమకథ ఆ నిజమైన దృశ్యానికి ఎక్కడ అతుక్కుంటుందో ఆ కూర్పు దగ్గర ఆపి రెండుసార్లు చూడండి. చివరగా 'గ్రోసె ఫ్రైహైట్ నంబర్ 7'. 'మ్యూన్ష్‌హౌజెన్'లో ఆమె పాత్ర చిన్నది, రంగుల కోసం ఎప్పుడైనా చూడవచ్చు. 'ఊ-బోటె వెస్ట్‌వెర్ట్స్' పరిశోధన అవసరం ఉంటే తప్ప అక్కర్లేదు.